నా హోమ్ లోన్ రివ్యూ: వడ్డీ రేటు సరే, టెన్యూర్ సంగతేంటి?

ముందే చెప్పేస్తా, ఐదుకి మూడు స్టార్లు. బ్యాంకు పేరు రాయడం లేదు. రాస్తే "ఆ బ్యాంకు అంతే, మా బ్యాంకులో తీసుకోవాల్సింది" అని ఎవరో ఒకరు తగులుకుంటారు, నేను చెప్పబోయేవి చూస్తే చాలావరకు ఎక్కడ తీసుకున్నా ఉండేవే.

2021 చివర్లో బాచుపల్లిలో 55 లక్షలకు డబుల్ బెడ్‌రూమ్ ఫ్లాట్ కొన్నాం. లోను 40 లక్షలు, ఇరవై ఏళ్లు, 7 శాతం ఫ్లోటింగ్ (అంటే మధ్యలో మారే రేటు), ఈఎంఐ 31,012. రేటు ఎంతో చెప్పగానే నాన్న నెలకు నూటికి ఎంత పడుతుందో మనసులోనే లెక్కేసుకుని, "అరవై పైసలు కూడా లేదు కదరా, మన ఊళ్లో రెండు రూపాయలకు తక్కువ ఎవడిస్తాడు, కళ్లు మూసుకుని తీసుకో" అన్నారు. రేటు వరకు ఆయన లెక్క కరెక్టే, ఇంత చవగ్గా అప్పు ఇంకెక్కడా పుట్టదు. కాకపోతే ఊళ్లో అప్పు రెండు మూడు పంటల్లో తీర్చేసేది, ఇక్కడ ఆ అరవై పైసలే 240 నెలలు నడుస్తాయి. 31,012ని 240తో గుణించి చూడండి, 74 లక్షల 43 వేలు వస్తుంది. తీసుకున్నది 40, వడ్డీ 34 లక్షల పైచిలుకు.

లోను అమ్మడానికి వచ్చినతను మాత్రం ఈ గుణకారం జోలికే పోలేదు. ఆయన ల్యాప్‌టాప్‌లో ముందు తీసింది ముప్పై ఏళ్ల లెక్క. "ఈఎంఐ 26,612 సార్, చాలా కంఫర్టబుల్‌గా ఉంటుంది, శాలరీ పెరిగాక ఎలాగూ తొందరగా కట్టేస్తారు." పదిహేనేళ్లకు, ఇరవైకి, ముప్పైకి మొత్తం వడ్డీ ఎంతవుతుందో ఒకే కాగితం మీద ప్రింట్ తీసి ఇవ్వమంటే కాసేపు తటపటాయించి ఇచ్చాడు. పదిహేనేళ్లయితే ఈఎంఐ 35,953, వడ్డీ 24.72 లక్షలు. ముప్పై ఏళ్లయితే వడ్డీ 55.8 లక్షలు. అంటే ఇరవైని ముప్పై చేసుకుంటే నెలకు 4,400 తగ్గుతుంది, అందుకోసం 21 లక్షలు ఎక్కువ కట్టాలి. పావు శాతం తగ్గించమని వారాల తరబడి బేరమాడేవాళ్లు కూడా టెన్యూర్, అంటే గడువు దగ్గరికొచ్చేసరికి "మాగ్జిమమ్ పెట్టేయండి" అంటారు, నాకదే అర్థం కాదు. పదిహేను పెట్టుకునే స్తోమత మాకు లేదు కాబట్టి ఇరవై దగ్గర ఆగాం.

సరే, లోను బయట ఖర్చులు. రిజిస్ట్రేషన్‌కి తెలంగాణలో అన్నీ కలిపి 7.5 శాతం (ఆంధ్రాలో కూడా అంతే), 55 లక్షల మీద 4,12,500. దీన్ని బ్యాంకు ఇంటి ధరలో కలిపి చూడదు, అంతా మన జేబులోంచే. 30 లక్షలు దాటి 75 లక్షల వరకు లోన్లకు ఇంటి విలువలో 80 శాతమే ఇవ్వాలన్న రూలు కూడా ఉంది కాబట్టి, సొంత డబ్బు ఎంత కావాలో లెక్కేసేటప్పుడు డౌన్ పేమెంట్‌తో పాటు ఇది కూడా కలుపుకోవాలి. ఆపైన ప్రాసెసింగ్ ఫీజు, దాని మీద 18 శాతం జీఎస్టీ, లీగల్ ఒపీనియన్, వాల్యుయేషన్, కాగితాలు బ్యాంకులో తాకట్టు పెట్టినట్టు సబ్‌రిజిస్ట్రార్ దగ్గర ఇంకో రిజిస్ట్రేషన్. ఒక్కోటి చిన్నదే, కలిపితే మంచి ఫ్రిజ్, వాషింగ్ మెషిన్ వచ్చేస్తాయి.

ఇన్సూరెన్స్ కథ మాత్రం కొంచెం వివరంగా చెప్పాలి. సాంక్షన్ అయ్యాక, సంతకాలకు వెళ్లిన రోజు, లోను మొత్తం 42 లక్షలు అని ఉంది. ఏంటని అడిగితే "లోన్ ప్రొటెక్షన్ సార్, సింగిల్ ప్రీమియం రెండు లక్షలు, మీరు ఇప్పుడు ఒక్క రూపాయి కట్టక్కర్లేదు, లోన్‌లోనే కలిపేశాం, ఇది కంపల్సరీ." ఆ 'కలిపేశాం' దగ్గరే ఉంది మతలబంతా. రెండు లక్షలకు ఇరవై ఏళ్లు వడ్డీ కడితే ఆ ప్రీమియం 3 లక్షల 72 వేలవుతుంది, పైగా ఈ పాలసీల్లో చాలావాటికి అప్పు తరుగుతున్న కొద్దీ కవరేజీ కూడా తరుగుతూ పోతుంది. కంపల్సరీ అని లెటర్‌హెడ్ మీద రాసివ్వండి అన్నాను. ఆయన లోపలికి వెళ్లొచ్చి "ఆప్షనల్ సార్, కానీ మంచిది" అన్నాడు. మంచిదే, కాదనను. ఇంత అప్పు నెత్తిన పెట్టుకుని ఇన్సూరెన్స్ లేకుండా ఉండకూడదు. అందుకే విడిగా టర్మ్ పాలసీ తీసుకున్నా, దాని ప్రీమియానికి ఇరవై ఏళ్ల వడ్డీ లేదు. కాగితాలు మార్చి మళ్లీ ప్రింట్ తీయడానికి ఆ పూటంతా పట్టింది. ఒక స్టార్ అక్కడ పోయింది.

మొదటి ఈఎంఐ కట్టాక స్టేట్‌మెంట్ చూస్తే 31,012లో వడ్డీ 23,333, అసలుకి జమ అయింది 7,679. ఇందులో మోసమేమీ లేదు, బాకీ ఎక్కువున్నప్పుడు వడ్డీ ఎక్కువే ఉంటుంది. రీపేమెంట్ షెడ్యూల్ అడిగి తీసుకుని కిందిదాకా చదివితే ఇంకోటి తెలుస్తుంది: 40 లక్షల్లో సగం తీరేది 159వ ఈఎంఐకి. పదమూడేళ్లు దాటాకన్నమాట. ఐదారేళ్లలో ఇల్లు అమ్మి పెద్దది కొందాం అనుకునేవాళ్లు ఈ కాగితం తప్పకుండా చూడాలి, అప్పటికి అసలు ఎంత మిగిలి ఉంటుందో అందులో నెలవారీగా ఉంటుంది.

ఇక అసలు సినిమా 2022లో మొదలైంది. 2019 అక్టోబర్ నుంచి బ్యాంకులిచ్చే ఫ్లోటింగ్ హోమ్ లోన్లు బయటి రేటుకి, అంటే ఎక్కువగా ఆర్‌బీఐ బ్యాంకులకు అప్పిచ్చే రెపో రేటుకి లింకై ఉంటాయి (హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకు ఈ రూల్ లేదు, వాళ్లకు వాళ్ల సొంత రేటుంటుంది, అక్కడ ఇంకా జాగ్రత్తగా చూసుకోవాలి). మేం తీసుకున్నప్పుడు రెపో 4 శాతం, దాని మీద బ్యాంకు తనకోసం కలుపుకునే స్ప్రెడ్ 3, మొత్తం ఏడు. 2022 మే నుంచి ఆర్‌బీఐ వరసగా పెంచుకుంటూ పోయి 2023 ఫిబ్రవరికి రెపోని 6.5కి తెచ్చింది. మాది 9.5 అయింది. మరి ఈఎంఐ? పది రూపాయలు కూడా పెరగలేదు. అకౌంట్‌లోంచి నెలనెలా అదే 31,012 కట్ అవుతుంటే ఎవరికైనా అంతా బాగానే ఉందనిపిస్తుంది. వెనకాల మాత్రం టెన్యూర్ పెరుగుతూ వచ్చింది. మూణ్ణెల్లకోసారి ఒక ఎస్సెమ్మెస్, అందులో కొత్త రేటు, చివర్న 'టెన్యూర్ రివైజ్డ్' అని రెండే మాటలు. ఊళ్లో ప్రోనోటు తిరగరాయాలన్నా మనిషిని పిలిచి, సాక్షుల ముందు సంతకం పెట్టించుకుంటారు. ఇక్కడ ఏళ్లకేళ్లు పెరిగే అప్పుకి ఒక మెసేజ్‌తో సరి.

2023 ఏప్రిల్‌కి పరిస్థితి ఇదీ: బాకీ 39 లక్షల 22 వేలు, 9.5 శాతం మీద ఆ నెల వడ్డీ 31,049. ఈఎంఐ 31,012. అర్థమైందా? నెలంతా కట్టింది వడ్డీకే చాలలేదు, ఇంకో 37 రూపాయలు తక్కువైంది. అలా వదిలేస్తే అప్పు జన్మలో తీరదు, పైగా పెరుగుతుంది. అప్పుడు బ్యాంకు కదిలింది. ఈఎంఐ 32,978, మిగిలిన టెన్యూర్ 360 నెలలు అని లెటర్ పంపింది. ఏడాదిన్నర కట్టాక మళ్లీ ముప్పై ఏళ్లు!

బ్రాంచికి వెళ్లి, టెన్యూర్ ముట్టుకోవద్దు, ముందనుకున్నట్టు 2041లోనే అయిపోవాలి, ఈఎంఐ పెంచండి అన్నాను. కౌంటర్‌లో అమ్మాయి రెండోసారి అడిగింది, "పెంచమంటున్నారా సార్? అందరూ తగ్గించమని గొడవ చేస్తారు." సిస్టమ్‌లో లెక్క తీస్తే 37,450 వచ్చింది. నెలకు దాదాపు నాలుగున్నర వేలు ఎక్కువ, నొప్పిగానే ఉంటుంది. కానీ అదే రేటు కొనసాగితే 37,450 చొప్పున 224 నెలలకు 84 లక్షలు, 32,978 చొప్పున 360 నెలలకు దాదాపు కోటీ 19 లక్షలు. తేడా 35 లక్షలు, మేం మొదట తీసుకున్న అప్పుకి కొంచెం తక్కువ. ఆ అమ్మాయి మాత్రం చాలా ఓపిగ్గా, ఫారం తనే నింపి, మేనేజర్ సంతకం పెట్టించి పంపింది. ఆమెకు ఐదుకి ఐదు.

ఆ ఆగస్టులో ఆర్‌బీఐ రూల్ తెచ్చింది. రేటు మారి ఈఎంఐ గానీ టెన్యూర్ గానీ మారితే బ్యాంకు వెంటనే చెప్పాలి, ఈఎంఐ పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంచెం కొంచెమా అన్నది మనల్నే ఎంచుకోనివ్వాలి, గడువు పొడిగించడం వల్ల వడ్డీకి కూడా చాలని పరిస్థితి రాకూడదు, మూణ్ణెల్లకోసారి ఎంత అసలు, ఎంత వడ్డీ కట్టామో, ఎన్ని ఈఎంఐలు మిగిలాయో స్టేట్‌మెంట్ ఇవ్వాలి. 2024 అక్టోబర్ నుంచి కొత్త లోన్లకు ఫీజులన్నీ కలిపిన అసలు వార్షిక రేటుతో 'కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్' కూడా ఇవ్వాలి. ఇప్పుడు తీసుకునేవాళ్లు బ్రోచర్ పక్కనపడేసి ముందు ఆ కాగితం చదవండి.

2025లో కాస్త ఊపిరాడింది. రెపో ఫిబ్రవరిలో 6.25, ఏప్రిల్‌లో 6, జూన్‌లో 5.5, డిసెంబర్‌లో 5.25. మాది 8.25కి దిగింది. ఈఎంఐ తగ్గించమంటారా అని మెసేజ్ వస్తే వద్దన్నాను, అదే 37,450 నడుస్తోంది. కిందటేడు ఏప్రిల్ నాటికి ఈఎంఐల రూపంలో 14 లక్షల దాకా కట్టాం, అసలు తగ్గింది రెండున్నర లక్షలు. ఇది మా ఆవిడకు చూపించాక ఇంట్లో బోనస్ ఎక్కడ పెట్టాలన్న చర్చే లేకుండా పోయింది.

మధ్యలో పాప పుట్టింది, చేతిలో మిగిలిందేమీ లేదు, కాబట్టి మొదటి పార్ట్ పేమెంట్ ఈ జనవరిలోనే. 36 లక్షల 60 వేల బాకీ మీద ఒక లక్ష కట్టాను. చివర్నుంచి ఇంచుమించు ఎనిమిది ఈఎంఐలు ఎగిరిపోయాయి, అంటే మూడు లక్షలు. ఫ్లోటింగ్ లోను కాబట్టి దీనికి పెనాల్టీ లేదు, వ్యక్తులు తీసుకునే ఫ్లోటింగ్ హోమ్ లోన్ల మీద బ్యాంకులు వసూలు చేయకూడదని 2012 నుంచే ఉంది. యాప్‌లో కట్టేటప్పుడు మాత్రం కళ్లు పెట్టుకుని చూడండి, 'ఈఎంఐ తగ్గించు' అన్నది ముందే టిక్ పెట్టి ఉంటుంది, దాన్ని తీసి 'టెన్యూర్ తగ్గించు' పెట్టాలి. హడావిడిలో ఓకే కొట్టేస్తే లాభంలో పెద్ద భాగం పోయినట్టే. ఇంకో స్టార్ ఈ టిక్కుకి. ఇప్పుడు మా లోను 2041 కాదు, రేటు ఇలాగే ఉంటే 2038 డిసెంబర్‌కి అయిపోతుంది.

ఆ లక్ష మ్యూచువల్ ఫండ్‌లో పెడితే ఎక్కువొచ్చేది కదా అని మా ఆఫీసులో ఒకాయన రోజూ అంటాడు. రావచ్చు. రాకపోవచ్చు కూడా. లోను మీద మిగిలే 8.25 శాతానికి మార్కెట్‌తో పని లేదు, పన్నూ లేదు, నాకు టెన్షన్ తగ్గుతుంది, అంతే. ఆయన చెప్పే ఇంకో మాట మాత్రం నిజం: మొత్తం వడ్డీ అంకె చూసి గుండె బాదుకోకూడదు, 2038లో కట్టే 37 వేలు ఇప్పటి 37 వేలంత బరువుండవు, అద్దె కూడా మిగులుతోంది. కానీ అలా లెక్కేస్తే సొసైటీ మెయింటెనెన్స్, ఆస్తి పన్ను, ఐదారేళ్లకోసారి పెయింటింగ్ కూడా ఖర్చు వైపు రాయాలి, ఆయన అవి రాయడు.

"ట్యాక్స్ మిగులుతుంది కదా" అనేవాళ్లకు ఒక్క మాట. మనం ఉండే ఇంటికి ఏడాదికి 2 లక్షల వడ్డీ మినహాయింపు పాత పద్ధతిలోనే. 30 శాతం స్లాబ్‌లో ఉంటే గరిష్ఠంగా 62,400 మిగులుతుంది. కొత్త పద్ధతిలో ఆ మినహాయింపు లేదు. నేను కొత్త దాంట్లోకి మారిపోయా, కాబట్టి నా లెక్కలో అది సున్నా.

యాప్ ఇంకెందులోనూ బాగోలేదని కాదు. వడ్డీ సర్టిఫికెట్ నిమిషంలో వస్తుంది, పార్ట్ పేమెంట్ ఆ రోజే అసలుకి జమవుతుంది, ఈఎంఐ ఎప్పుడూ రెండుసార్లు కట్ కాలేదు. బయటి ఏజెన్సీ వాళ్ల ఫోన్లు మాత్రం టాప్-అప్ లోను కావాలా అని వారానికోసారి వస్తూనే ఉంటాయి.

ఇప్పుడు నడుస్తున్న పంచాయితీ స్ప్రెడ్ గురించి. ఇదే బ్యాంకు కొత్త కస్టమర్లకు రెపో మీద రెండున్నరే వేస్తోంది, పాతవాణ్ని కాబట్టి నాకు మూడు. ఆ అర శాతం ఇప్పుడున్న బాకీ మీద ఏడాదికి దాదాపు 18 వేలు. అడగకుండా వాళ్లు తగ్గించరు, అడిగితే కన్వర్షన్ ఫీజు తీసుకుని తగ్గిస్తారట. వేరే బ్యాంకుకి మారొచ్చు కానీ మళ్లీ ప్రాసెసింగ్, లీగల్, తాకట్టు రిజిస్ట్రేషన్, అన్నీ మొదట్నుంచి. అందుకే ముందు ఇక్కడే అప్లికేషన్ ఇచ్చాను, యాప్‌లో 'అండర్ ప్రాసెస్' అని చూపిస్తోంది. తగ్గిస్తే ఈ మూడుని మూడున్నర చేస్తా, లేకపోతే బ్యాలెన్స్ ట్రాన్స్‌ఫర్ రివ్యూ రాస్తా.