పదమూడేళ్లుగా హార్డ్ డిస్క్ మీదే నడుస్తున్న మా పాత పీఎస్2

2005లో మా చిన్నబాపు దుబాయి నుంచి సెలవు మీద జగిత్యాల వచ్చినప్పుడు తెచ్చిన ప్లేస్టేషన్ 2 ఇది, టీవీకి తగిలించి ఆడుకునే గేమ్ కన్సోల్. పాత వీసీఆర్‌లా నల్లగా, బరువుగా ఉండే మోడల్, అందరూ ఫ్యాట్ అనేది. 2012లో దాంట్లో హార్డ్ డిస్క్ పెట్టాను, అప్పటి నుంచి ఆడే ప్రతి గేమ్ అందులోంచే. మధ్యలో ఒక డిస్క్ చచ్చిపోయింది, ఒకసారి నా చేతులతో నేనే మొత్తం తుడిచిపెట్టుకున్నాను, అవి కూడా చెప్తా.

ముందు అసలు సంగతి: లోడింగ్ స్పీడ్ కోసం పెడదామనుకుంటే మీకు నిరాశే. డిస్కులు చదివే లెన్స్ పోతోందంటే దానికోసం పెట్టండి.

పీఎస్2 వాడినవాళ్లకు లెన్స్ గోల చెప్పక్కర్లేదు. మాది 2011 వేసవికల్లా మూలుగుతోంది. ట్రే లోపలికి వెళ్తుంది, డిస్క్ జుయ్‌మని తిరుగుతుంది, ఆగుతుంది, మళ్లీ తిరుగుతుంది, లోపల ఎవరో గోరుతో గీకినట్టు కిర్ కిర్‌మంటుంది, ఆ తర్వాత డిస్క్ చదవలేనంటూ ఎర్ర స్క్రీన్. ముందు నీలం రంగు అడుగు ఉన్న సీడీ గేమ్‌లు పోయాయి, డీవీడీలు మాత్రం ఇంకా నడిచేవి, ఎందుకంటే లోపల సీడీకి, డీవీడీకి లేజర్లు వేరు. కొన్నాళ్లకు డీవీడీలూ మొరాయించాయి. కన్సోల్‌ను నిలబెట్టి చూశాం, బోర్లా పడుకోబెట్టి చూశాం, దూదిపుల్లతో తుడిచాం. మా ఊళ్లో టీవీలు బాగుచేసే అన్న మూత విప్పి, లెన్స్ ఎత్తును మార్చే చిన్న తెల్ల గేర్ ఉంటుంది చూడండి, దాన్ని ఒక్క పన్ను తిప్పాడు. నెల రోజులు బాగా నడిచింది. ఇంకో పన్ను తిప్పితే పదిహేను రోజులు. ఇంకోటి తిప్పబోతే, "తమ్మీ, ఇంక తిప్పితే లెన్స్ పోయి డిస్క్‌కు రాసుకుంటది, గీతలు పడ్డాక నన్ననొద్దు" అన్నాడు. కొత్త లెన్స్ దొరుకుతుంది కానీ అదీ ఎన్నాళ్లు?

ఫ్యాట్ వెనక ఒక ప్లాస్టిక్ మూత ఉంటుంది. ఏడేళ్లు దాన్ని చూస్తూ ఉన్నాను, అది దేనికో ఒక్కసారి కూడా ఆలోచించలేదు. అది హార్డ్ డిస్క్ పెట్టుకోవడానికి కంపెనీ వాళ్లే వదిలిన గూడు. 2004లో అమెరికాలో ఫైనల్ ఫాంటసీ 11తో కలిపి 40 జీబీ డిస్క్‌ను సోనీయే అమ్మింది. మా వైపు షాపుల్లో నేనైతే ఎప్పుడూ చూడలేదు. అదే ఏడాది వచ్చిన స్లిమ్ మోడల్లో ఆ గూడే ఎత్తేశారు, కాబట్టి స్లిమ్ ఉన్నవాళ్లు ఇక్కడే ఆగిపోవచ్చు, లేదా కింద చెప్పే యూఎస్‌బీ కష్టాలు చదువుకోవచ్చు.

నెట్‌వర్క్ అడాప్టర్ అనే ముక్క ఒకటి కావాలి. దాని బయటివైపు ఇంటర్నెట్ కేబుల్ పెట్టే సాకెట్, లోపలివైపు పాత ఐడీఈ హార్డ్ డిస్క్‌కు సరిపోయే పిన్నులు, పక్కనే పవర్ పిన్నులు. హైదరాబాద్‌లో చదివే మా దోస్తు ఎవరి దగ్గరో సెకండ్ హ్యాండ్‌ది 900కు పట్టాడు. డిస్క్ మా ఇంట్లోదే, పనికిరాకుండా పడున్న డెస్క్‌టాప్‌లోంచి ఊడబీకిన 80 జీబీ. అడాప్టర్‌కు డిస్క్‌ను తగిలించి, రెండింటినీ కలిపి గూట్లోకి తోసి, అడాప్టర్‌కున్న రెండు పెద్ద స్క్రూలను రూపాయి బిళ్లతో బిగించడమే, స్క్రూడ్రైవర్ కూడా అక్కర్లేదు. తోసేటప్పుడు మాత్రం తొందర వద్దు. డిస్క్ అడుగున ఆసరా లేకపోతే కాస్త వంగుతుంది, ఆ బరువంతా పిన్నుల మీద పడుతుంది. నేను పాత పెళ్లిపత్రిక అట్టను మడిచి కింద పెట్టాను, అది ఇప్పటికీ అక్కడే ఉంది. ఇంకోటి, డిస్క్ వెనక పిన్నులకు తగిలించే జంపర్ అనే చిన్న క్లిప్ మాస్టర్ అని రాసున్న చోట ఉందో లేదో చూసుకోండి. నాకు మొదటి రోజంతా దానికే పోయింది.

సాఫ్ట్‌వేర్ దగ్గర గుడ్డు ముందా కోడి ముందా అన్న తకరారు వస్తుంది. గేమ్‌ల లిస్టు చూపించి నడిపించేది ఓపెన్ పీఎస్2 లోడర్ అనే ఉచిత ప్రోగ్రామ్, అందరూ ఓపీఎల్ అంటారు. దాన్ని కన్సోల్ ఆన్ కాగానే తెరవాలంటే ఫ్రీ మెక్‌బూట్ అనే ఇంకో ప్రోగ్రామ్ ఎక్కించిన మెమరీ కార్డ్ ఉండాలి, ఆ కార్డ్ తయారు చేయాలంటే మామూలుగా అప్పటికే ప్రోగ్రామ్‌లు నడిపించగల ఇంకో పీఎస్2 ఉండాలి. అందుకే చాలామంది రెడీమేడ్ కార్డ్ కొనేస్తారు, నేనూ కొన్నాను. 64 ఎంబీ అని రాసున్న చవక కార్డ్‌లలో సేవ్ ఫైళ్లు మాత్రం పెట్టకండి. బూట్ కోసం ఒక స్లాట్‌లో అది, సేవ్‌ల కోసం రెండో స్లాట్‌లో ఒరిజినల్ 8 ఎంబీ కార్డ్. హార్డ్ డిస్క్ నుంచే బూట్ అయ్యే పద్ధతి కూడా ఉంది, ఫ్యాట్‌లో చక్కగా పనిచేస్తుంది, ఇప్పుడు నేను వాడేది అదే.

ఇక గేమ్‌లు ఎక్కించడం. నెట్‌వర్క్ కేబుల్ ద్వారా కంప్యూటర్ నుంచి పంపొచ్చు, కానీ అది ఎడ్లబండి ప్రయాణం. ఒక్కో డీవీడీ గేమ్‌కు అరగంట పైనే పట్టేది, అదీ 2012లో, మా దగ్గర రోజుకు ఎన్నిసార్లు కరెంటు పోయేదో ఆ రోజులు చూసినవాళ్లకు గుర్తుంటుంది. సగంలో కరెంటు పోయిందంటే గేమ్ పేరు లిస్టులో కనిపిస్తుంది, నొక్కితే నల్ల స్క్రీన్. దాన్ని చెరిపేసి మళ్లీ మొదటి నుంచి. శాన్ ఆండ్రియాస్‌ను అలా మూడుసార్లు ఎక్కించాను, మూడోసారి రాత్రి ఒంటిగంటకు, కోత టైమ్ అయిపోయేదాకా మేలుకుని. ఆ తర్వాత బుద్ధొచ్చి డిస్క్‌ను ఊడదీసి, యూఎస్‌బీ కన్వర్టర్‌తో నేరుగా కంప్యూటర్‌కు తగిలించి ఎక్కించడం మొదలుపెట్టాను. గంటల పని నిమిషాల్లోకి వచ్చింది.

నా కొంప ముంచింది కూడా అదే కన్వర్టర్.

పీఎస్2 హార్డ్ డిస్క్ పద్ధతి విండోస్‌కు తెలియదు. తగిలించి డిస్క్ మేనేజ్‌మెంట్ తెరిచామంటే, ఇదేదో ఖాళీ డిస్క్ అనుకుని, దీన్ని ఇనీషియలైజ్ చేయాలి, అంటే కొత్త డిస్క్‌లా సిద్ధం చేయాలి, చేయనా అని ఒక చిన్న పెట్టె తెరిచి అడుగుతుంది. కింద ఓకే, క్యాన్సిల్. 2014 సంక్రాంతి సెలవుల్లో, మా అన్నతో ఏదో మాట్లాడుతూ, అటు చూస్తూనే ఓకే నొక్కేశాను. ఒక్క సెకను కూడా పట్టలేదు, ఏ శబ్దం రాలేదు, ఏదో మంచే జరిగిందనుకున్నాను. డిస్క్‌ను మళ్లీ గూట్లో పెట్టి ఓపీఎల్ తెరిస్తే లిస్టు ఖాళీ. డిస్క్ మొట్టమొదటి భాగంలో పీఎస్2 రాసుకునే తన పట్టికను విండోస్ తన ముద్రతో కొట్టేసింది. గేమ్‌ల డేటా ఎక్కడిదక్కడే ఉంటుంది, ఎక్కడుందో చెప్పే పట్టికే పోతుంది. నాకైతే వెనక్కి తెచ్చుకునే దారి దొరకలేదు. పద్దెనిమిది గేమ్‌లు, అన్నీ మళ్లీ. కాబట్టి ఆ పెట్టె కనిపిస్తే క్యాన్సిల్, ఎన్నిసార్లు అడిగినా క్యాన్సిల్, ఎవరైనా మాట్లాడుతుంటే ముందు వాళ్లను ఆగమనండి.

ఇప్పుడు స్పీడ్ సంగతి. పీఎస్2 డీవీడీ డ్రైవ్ 4ఎక్స్, అంటే సెకనుకు 5 ఎంబీ పైచిలుకు. హార్డ్ డిస్క్ దానికి ఎన్నో రెట్లు చదవగలదు కాబట్టి లోడింగ్ రెప్పపాటులో అయిపోతుందని నేనూ అనుకున్నాను. కాదు. రెజ్లింగ్ గేమ్ స్మాక్‌డౌన్‌లో మ్యాచ్ మొదలయ్యే ముందు, శాన్ ఆండ్రియాస్ తెరుచుకునేటప్పుడు కొన్ని సెకన్లు తగ్గుతాయి, అది తెలుస్తుంది, అంతే. చదివిన డేటాను విప్పి సర్దుకోవాల్సింది ఆ పాత ప్రాసెసరే కదా, అది పరిగెత్తదు. పైగా ఈ గేమ్‌లు రాసినవాళ్లు డీవీడీ వేగాన్ని లెక్కలో పెట్టుకునే రాశారు. తర్వాత ఒకసారి దోస్తు దగ్గర ఎస్‌ఎస్‌డీ అడిగి పెట్టి చూశాను, మామూలు హార్డ్ డిస్క్‌కూ దానికీ తేడా నా కంటికి ఆనలేదు. ఆ డబ్బుతో మంచి కంట్రోలర్ కొనుక్కోండి.

హార్డ్ డిస్క్ విలువ తెలియాలంటే యూఎస్‌బీ పెన్‌డ్రైవ్‌లో పెట్టి ఆడి చూడాలి. పీఎస్2 యూఎస్‌బీ పాత 1.1 రకం, సెకనుకు ఒక ఎంబీ దాటడమే గగనం. క్రికెట్ 07 అందులోంచి ఆడితే రిచీ బెనో వాక్యం మధ్యలో మింగేసేవాడు, బ్యాట్స్‌మన్ అవుటై పెవిలియన్ చేరాక కామెంటరీ వచ్చేది. కథ మధ్యలో వచ్చే వీడియోలైతే నత్తనడక. పైగా 4 జీబీ దాటిన గేమ్‌ను ముక్కలు చేయాల్సి వచ్చేది, ఫైళ్లు చెల్లాచెదురుగా ఉంటే డీఫ్రాగ్ చేసి వరుసలో పెట్టాలి. హార్డ్ డిస్క్‌లో ఈ తలనొప్పులేవీ లేవు. గాడ్ ఆఫ్ వార్ 2, గ్రాన్ టురిస్మో 4 లాంటి రెండు పొరల డీవీడీలు కూడా మాట్లాడకుండా కూర్చుంటాయి.

అన్ని గేమ్‌లూ నొక్కగానే నడుస్తాయనీ అనుకోవద్దు. ఎక్కువ భాగం నడుస్తాయి, కొన్నింటికి ఓపీఎల్‌లో మోడ్ 1, మోడ్ 3 అంటూ టిక్కులు మార్చి మార్చి చూడాలి, ఏది కుదిరితే అది సేవ్ చేసుకోవాలి. ఒకటి రెండు నాకు ఏ మోడ్‌లోనూ లొంగలేదు, వదిలేశాను. పీఎస్1 గేమ్‌లకు వేరే పద్ధతి ఉంది, దాంతో అప్పుడప్పుడే వేగుతాను. నాకు బాగా నచ్చిన చిన్న సౌకర్యం ఏంటంటే, ఆట మధ్యలో భుజం బటన్లు నాలుగూ, స్టార్ట్, సెలెక్ట్ కలిపి నొక్కితే మళ్లీ గేమ్‌ల లిస్టుకు వచ్చేస్తుంది, లేచి వెళ్లక్కర్లేదు. సేవ్‌లను కూడా హార్డ్ డిస్క్‌లోనే పెట్టుకునే ఉత్తుత్తి మెమరీ కార్డ్ సదుపాయం ఉంది. ఒకసారి కరెంటు పోయి అది పాడయ్యాక నేను అసలు కార్డ్‌కే తిరిగొచ్చాను. ఇన్వర్టర్ ఉన్నవాళ్ల ఇష్టం.

ఆ 80 జీబీ డిస్క్ 2016లో టిక్ టిక్‌మంటూ పోయింది. దాని తప్పేం లేదు, కంప్యూటర్‌లో ఒక జన్మ ఎత్తేసి వచ్చిందది. వేడి కూడా ఒక కారణమై ఉంటుంది, డెస్క్‌టాప్ డిస్క్ ఆ ఇరుకు గూట్లో బాగా కాగుతుంది, రెండు గంటలు ఆడాక వెనక చెయ్యి పెడితే తెలిసేది. దాని బదులు పాత ల్యాప్‌టాప్‌లోని 500 జీబీ సాటా డిస్క్ పెట్టాను, సాటా అంటే ఐడీఈ తర్వాత వచ్చిన రకం. అడాప్టర్ లోపలి ఐడీఈ బోర్డును తీసేసి సాటా బోర్డు వేసుకోవాలి, లేదంటే సాటాతోనే వచ్చే చైనా అడాప్టర్లు ఉన్నాయి. వాటిలో చవకవాటికి నెట్‌వర్క్ సాకెట్ ఉండదు, ఆ రంధ్రం ఉన్నట్టు కనిపించినా లోపల ఏమీ ఉండదు. కంప్యూటర్‌కు తగిలించి ఎక్కించుకునేవాళ్లకు దాంతో పనిలేదు. ల్యాప్‌టాప్ డిస్క్ చల్లగా ఉంటుంది, శబ్దం లేదు. మళ్లీ చేస్తే మొదటి రోజే ఇది పెడతాను.

కాపీల గురించి దాచేదేం లేదు, కాపీ డిస్కులు నడవడానికి చిప్ వేయించిన పీఎస్2, కవర్‌లో పెట్టిచ్చే కాపీ డిస్కులు, మనందరి చిన్నతనం అదే. ఇప్పుడు మా హార్డ్ డిస్క్‌లో ఉన్నవి మాత్రం దాదాపు నా ఒరిజినల్స్ నుంచి తీసుకున్నవే, తర్వాత జీతం వచ్చాక సెకండ్ హ్యాండ్‌లో ఏరి ఏరి కొన్నాను. వాటిలో ఒకటి హనుమాన్: బాయ్ వారియర్, 2009లో వచ్చింది, చేసింది మన హైదరాబాద్‌లోని ఆరోనా టెక్నాలజీస్. గేమ్‌గా చెప్పాలంటే చాలా సాదాసీదా, కెమెరా ఒకవైపు హనుమంతుడు ఇంకోవైపు, అయినా పీఎస్2కి హైదరాబాద్‌లో గేమ్ చేశారన్న ఒక్క ముక్కకే ఉంచుకున్నాను. నా దగ్గరున్న ఆ గేమ్ డిస్క్ మీద అంచు నుంచి మధ్యదాకా ఒక గీత ఉంది, ఎన్నిసార్లు చదివించినా సగంలో ఆగేది. చివరికి దోస్తు కంప్యూటర్‌లోని పాత డీవీడీ డ్రైవ్ ఒకటి నిదానంగా, ముక్కుతూ మూలుగుతూ మొత్తం చదివేసింది. ఆ డిస్క్ ఇంకెక్కడా పెట్టలేదు, పెట్టే అవసరం కూడా రాలేదు.

ఎవరికి పనికొస్తుందంటే, ఇంట్లో ఫ్యాట్ ఉండి, లెన్స్ సతాయిస్తూ, ఒక ఆదివారం మొత్తం దీంతో కుస్తీ పట్టే ఓపిక ఉన్నవాళ్లకు. ఓపిక లేకపోతే కంప్యూటర్‌లోనే పీఎస్2 గేమ్‌లు నడిపించే ఎమ్యులేటర్ పెట్టుకోండి, బొమ్మ కూడా ఇంకా స్పష్టంగా వస్తుంది. స్లిమ్ అమ్మేసి దీనికోసమే ఫ్యాట్ కొనాలా అని మా బావమరిది అడిగాడు, వద్దన్నాను. స్లిమ్‌లో నెట్‌వర్క్ కేబుల్ ద్వారా కంప్యూటర్ నుంచే ఆడొచ్చు, యూఎస్‌బీ కన్నా చాలా నయం.

పోయిన నెల సరదాగా ట్రే తెరిచి చూద్దామనుకుంటే సగంలో ఇరుక్కుపోయింది, లోపల బెల్ట్ సాగిపోయి ఉంటుంది. వేలితో లాగి మూసేశాను. దానికన్నా చిరాకు పెడుతున్నది లోపలి గడియారం బ్యాటరీ, ఇరవై ఏళ్లది, ప్లగ్ తీసి పెట్టిన ప్రతిసారీ భాష ఏది, టైమ్ ఎంత అని మొదటి నుంచి అడుగుతోంది. మామూలు సీఆర్2032 బిళ్లే, కొని టీవీ కింద పెట్టి మూడు వారాలైంది.