రుక్‌వుడ్ కొనాలా, రోజ్‌విల్ కొనాలా?

రెండూ అమెరికాలో ఒహాయో రాష్ట్రపు పింగాణీయే. కొత్తగా సేకరించేవాళ్లకి నా ఓటు రుక్‌వుడ్‌కే. 1880లో సిన్సినాటిలో పుట్టిన ఈ సంస్థ సరుకుకి వయసు కట్టడం తేలిక. ఆర్, పీ అక్షరాలు కలిపిన ముద్ర చుట్టూ 1887 నుంచి ఏటా ఒక్కో జ్వాల పెరిగింది. 1900 ముద్రలో 14 జ్వాలలుంటాయి, 1901 నుంచి ముద్ర కింద రోమన్ అంకెలు కూడా ఉంటాయి: XXV (25) ఉంటే 1925 అన్నమాట. ముద్ర దగ్గర గ్లేజును (పైనుండే గాజులాంటి పూతను) అరగదీసి గీసిన ఇంటూ గుర్తుంటే అది లోపమున్న సరుకు, ధర తగ్గించి అడగండి.

అచ్చుల్లో పోసిన రోజ్‌విల్ మామూలుగా చవకే, కానీ నకిలీలు ఎక్కువ. 1940ల అసలువాటి అడుగున పేరు, యూఎస్ఏ, ఆకారం నంబరు, అంగుళాల కొలత ఉబ్బెత్తుగా ఉంటాయి. చైనా నకళ్లలో చాలావాటికి యూఎస్ఏ కనిపించదు, పైనున్న పూల డిజైన్లలో రేకులు మొద్దుగా ఉంటాయి. 1930ల నాటివాటిలో కొన్నిటికి కాగితం లేబులే అంటించారు. అది ఊడిపోయి ఉంటే ముద్ర లేదని తోసేయకండి, ఆకారం, రంగు అసలువాటితో పోల్చి చూడండి.