చాక్ పెయింట్ డబ్బా ఆర్డర్ పెట్టేముందు ఇది చదవండి

కోపం ఇంకా తగ్గలేదు, రాతలో ముందు వెనకలైతే ఏమీ అనుకోకండి. పాత ఫర్నిచర్‌కి రంగులు వేసుకునే మనలో చాలామంది చాక్ పెయింట్, అదే ఆరాక సుద్ద పూసినట్టు కనిపించే రంగు, ఆన్‌లైన్‌లో ఆ పేజీ వాళ్ల దగ్గరే కొంటున్నారు. ఎవరో మీకు తెలుసు, వీడియోలో పది నిమిషాల్లో పాత కుర్చీని తెల్లగా మెరిపించేస్తారే, వాళ్లే. నేనూ అవి చూసే కొన్నాను.

కుర్చీ తాతయ్యది. ముదురు ఎర్ర చెక్క, చేతుల కుర్చీ, పాలిష్ నల్లబడిపోయింది. కుడి చెయ్యి చివర ఆయన బొటనవేలు రాసీ రాసీ చిన్న గుంట పడింది, అక్కడ మాత్రం చెక్క అద్దంలా నున్నగా ఉండేది. బాగుచేసి అమ్మకి ఇద్దామనుకున్నా.

కొనేముందు ఫోటో పంపి మరీ అడిగాను, చెక్క ఎరుపు, ప్రైమర్ వెయ్యాలా, ఉప్పుకాగితం పట్టాలా అని. "ఏమీ అక్కర్లేదు మేడం, తుడిచి వేసేయండి, మా పెయింట్ ఏ చెక్క మీదైనా నిలుస్తుంది" అన్నారు. మొదటి కోటు ఆరేసరికి తెల్లరంగు మీద అక్కడక్కడా గులాబీ, గోధుమరంగు మరకలు తేలాయి. అతుకుల దగ్గర ఎక్కువ. ఫోటో పెట్టాను. ఇంకో రెండు కోట్లు పడితే పోతాయి, ఒక డబ్బా చాలదు, ఇంకోటి తీసుకోండి అన్నారు. తీసుకున్నాను. మళ్లీ వచ్చాయి. ఈసారి "పైన వ్యాక్స్ రుద్దేయండి, సెట్ అయిపోతుంది" అన్నారు. రుద్దాను, మరకలు ఇంకా ముదిరాయి. రెండో డబ్బా దగ్గరే ఆగి ఇంకెవరినైనా అడగాల్సింది, ఆ తప్పు నాది, ఒప్పుకుంటున్నా.

తర్వాత తెలిసింది. ఇలాంటి ముదురు చెక్కల్లో, ఓక్‌లో కూడా, టానిన్ అని మరకలు పెట్టే సహజ పదార్థం ఉంటుంది. అది నీళ్లలో కరుగుతుంది. చాక్ పెయింట్ నీళ్లతో చేసిన రంగు కాబట్టి తడి తగలగానే టానిన్ పైకి వచ్చేస్తుంది. ఎన్ని కోట్లు వేసినా అంతే. ముందే షెలాక్, అంటే మన లక్క పాలిష్, రెండు పూతలు వేసి ఆ దారి మూసెయ్యాలి. వ్యాక్స్ పెట్టాక అదీ కుదరదు, దాని మీద ఇంకేదీ సరిగా పట్టదు, వ్యాక్స్ అంతా తీసేదాకా.

ఇదంతా చదివి వాళ్లకి ఫోన్ చేశాను. మర్యాదగానే అడిగాను. అవతల ఒక నిమిషం ఏమీ మాట్లాడలేదు, తర్వాత ఆయన చిన్నగా నవ్వి, "ఎర్ర చెక్కకి మరకలు వస్తాయని ఈ పనిలో ఉన్న అందరికీ తెలుసు కదా మేడం" అన్నాడు. అందరికీ తెలుసట! మరి నేను ఫోటో పెట్టి అడిగినప్పుడు ఎందుకు చెప్పలేదు, తెలిసీ రెండో డబ్బా ఎందుకు అమ్మారు అన్నాను. "మీరు కొన్నారు, మేం అమ్మాం. పాత కుర్చీ ఒకదానికి ఇంత రాద్ధాంతం ఎందుకు, కొత్తది కొనుక్కోండి." అని ఫోన్ పెట్టేశాడు. సాయంత్రానికి నన్ను బ్లాక్ చేశారు. డబ్బు పోయినందుకు కాదు, ఆ మాటకి చేతులు వణికాయి నాకు.

ఇంకోటి కూడా చెప్పాలి. ఖాళీ డబ్బా కడుగుతుంటే పైన స్టిక్కర్ ఊడొచ్చింది, కింద గోడలకి వేసే ఎమల్షన్ లేబుల్ ఉంది! అడుగున తెల్లపొడి ముద్దకట్టి ఉంది. చాక్ పెయింట్ అన్న పేరు 1990లో ఆనీ స్లోన్ అనే ఆవిడ తను తయారుచేసిన రంగుకి పెట్టుకున్నది. ఇప్పుడు ఎమల్షన్‌లో ప్లాస్టర్ ఆఫ్ పారిస్ కలిపినా అదే పేరు. ఇంట్లో అలా కలుపుకుని వాడేవాళ్లున్నారు, అది తప్పని నేననను. కానీ వేరే డబ్బా మీద స్టిక్కర్ అంటించి అమ్మడం మోసమే.

ఇప్పుడు రోజూ టర్పెంటైన్‌లో గుడ్డ ముంచి, కిటికీలన్నీ తెరిచిపెట్టి వ్యాక్స్ తీస్తున్నా. తాతయ్య వేలి గుంట మూడు కోట్ల రంగుతో పూడిపోయింది. పళ్లపుల్లతో కొంచెం కొంచెంగా గోకుతున్నా, చెక్క గీరుకుపోతుందేమోనని గట్టిగా నొక్కలేను. అమ్మకి ఇంకా చెప్పలేదు.

కొనేవాళ్లు దయచేసి కుర్చీని తిరగేసి సీటు అడుగున చిన్న ముక్క మీద వేసి ఒక రాత్రి వదిలేయండి, పొద్దున్నకి మరక తేలిందంటే షెలాక్ వెయ్యకుండా ముందుకి వెళ్లొద్దు. వ్యాక్స్ మాత్రం రంగు మీకు పూర్తిగా నచ్చేదాకా ముట్టుకోకండి. డబ్బా రాగానే స్టిక్కర్ అంచు గోరుతో లేపి చూడండి. వాళ్లతో మాట్లాడినవన్నీ స్క్రీన్‌షాట్ తీసి పెట్టుకోండి, నేను తీసుకునేలోపే వాళ్ల వైపు మెసేజ్‌లు డిలీట్ చేసేశారు.