స్ప్రింగ్‌ఫీల్డ్‌లో ప్లీడరు లింకన్

ఇల్లినాయిస్ రాజధాని స్ప్రింగ్‌ఫీల్డ్‌కి వెళ్ళే మనవాళ్ళు చాలామంది నేరుగా లింకన్ మ్యూజియంలో దూరతారు. మధ్యాహ్నానికి బయటపడి, ఆయన ఇంటి ముందు ఓ ఫొటో దిగి తిరుగు ప్రయాణం కడతారు. అధ్యక్షుడు లింకన్ కోసమైతే అది చాలు. కానీ ఈ ఊళ్ళో ఆయన అధ్యక్షుడిగా ఒక్కరోజు కూడా లేడు. 1837లో వచ్చి, 1861 ఫిబ్రవరి 11న వాషింగ్టన్ రైలెక్కేదాకా ఇక్కడ ప్లీడరుగానే బతికాడు. మేం వెళ్ళింది గుంటూరు కోర్టులో ప్రాక్టీసు చేసి రిటైరైన మా మామగారితో. అందుకని ఆ ప్లీడరు వెంటే తిరిగాం.

షికాగో నుంచి సుమారు 200 మైళ్ళు. ఆమ్‌ట్రాక్ రైలుంది గానీ, పెద్దవాళ్ళుంటే కారే నయం. మేం హైవే పక్కన ఓ చవక హోటల్లో దిగి తప్పు చోట డబ్బు మిగుల్చుకున్నాం. లిఫ్టు పనిచేయదని తాళం చేతిలో పెట్టాక గానీ చెప్పలేదు. కింది అంతస్తులో గది అడిగితే భుజాలెగరేశారు. మోకాళ్ళ నొప్పులతో మామగారు మెట్లెక్కాల్సి వచ్చింది. ఇంకాస్త పెట్టి డౌన్‌టౌన్‌లో దిగితే సమాధి తప్ప మిగతావన్నీ దగ్గర్లోనే ఉంటాయి. శాసనసభ నడిచే రోజుల్లో మాత్రం అక్కడ గదులు దొరకడం కష్టం, ముందే బుక్ చేసుకోవాలి.

లింకన్ ఇల్లు నేషనల్ పార్క్ సర్వీస్ అనే కేంద్ర ప్రభుత్వ సంస్థ చేతిలో ఉంది. టికెట్‌కి డబ్బు లేదు, కానీ విజిటర్ సెంటర్లో తీసుకునే వెళ్ళాలి. పార్కింగ్‌కి మాత్రం వసూలు చేస్తారు. 1844లో 1,200 డాలర్లు రొక్కం, పైన ఓ స్థలం ఇచ్చి కొన్న ఇల్లిది. ఆయన జీవితంలో సొంతిల్లంటే ఇదొక్కటే. 1856లో పైఅంతస్తు పూర్తిగా లేపారు. 1887లో కొడుకు రాబర్ట్ దీన్ని రాష్ట్రానికి ఇస్తూ, చూడ్డానికి వచ్చేవాళ్ళ దగ్గర పైసా తీసుకోకూడదని షరతు పెట్టాడు. మెట్ల దగ్గర రేంజరు ఆగి, "ఈ మెట్ల రెయిలింగ్ ఆయన పట్టుకున్నదే, మీరూ పట్టుకోండి" అంటుంది. పడకగదిలో చిన్న రాతబల్ల ఉంది. ఆరడుగుల నాలుగంగుళాల మనిషి దాని కింద కాళ్ళెలా ముడుచుకునేవాడో అని మామగారు వంగి మరీ చూశారు. టూరు అరగంట లోపే, హడావిడిగా నడిపిస్తారు. చుట్టూ ఉన్న నాలుగు వీధుల్లో చెక్క పేవ్‌మెంట్ల మీద మన ఇష్టం వచ్చినంతసేపు తిరగొచ్చు, నాకు అదే ఎక్కువ నచ్చింది.

అసలు చూడాల్సింది ఆరో వీధిలో, పాత స్టేట్ క్యాపిటల్ (అప్పటి శాసనసభ భవనం) ఎదురుగా ఉన్న లా ఆఫీసు. తెరిచి ఉండే వేళలు తక్కువ, ముందే ఫోన్ చేసుకోండి. రెండో అంతస్తులో ఫెడరల్ కోర్టు, దాని నెత్తిన మూడో అంతస్తులో లింకన్, ఆయన పార్ట్‌నర్ హెర్న్‌డన్. మెట్లు దిగితే వాయిదా! హెర్న్‌డన్ చెప్పుకున్న సంగతులు గైడు వల్లిస్తుంటే మామగారికి నవ్వాగలేదు. సగం కాగితాలు పొడుగు టోపీలో పెట్టుకు తిరిగేవాడట. ఒక కట్ట మీద మాత్రం "ఇంకెక్కడా దొరక్కపోతే ఇందులో చూడు" అని రాసిపెట్టాడట. ఆదివారాలు పిల్లల్ని వదిలితే సిరాబుడ్లు బోర్లించేవాళ్ళట.

ఆ నవ్వు మధ్యలోనే నేను మ్యాట్సన్ కేసు గురించి అడిగాను. 1841లో నాన్స్ అనే నల్లజాతి అమ్మాయి స్వేచ్ఛ నిలిచేలా ఇల్లినాయిస్ సుప్రీంకోర్టులో గెలిచిన లింకన్, 1847లో మ్యాట్సన్ అనే బానిస యజమాని తరఫున వాదించాడు. జేన్ బ్రయంట్‌నీ ఆమె పిల్లల్నీ తిరిగి ఇప్పించమని ఆయన వాదన. ఓడిపోయాడు, వాళ్ళు బయటపడ్డారు. గైడు దాచకుండా చెప్పింది. "బ్రీఫ్ వచ్చింది, తీసుకున్నాడు" అన్నారు మామగారు. ఆ జవాబు నాకు చాల్లేదు, కారులో కూడా వాదించుకున్నాం. ఇల్లినాయిస్ సెంట్రల్ రైల్వే వాళ్ళు 5,000 డాలర్ల ఫీజు ఎగ్గొట్టబోతే 1857లో వాళ్ళ మీదే దావా వేసి గెలిచాడన్న సంగతి దగ్గర మాత్రం ఇద్దరం ఒక్కటయ్యాం. ఆ దావా నడిచిన బ్లూమింగ్టన్‌లో ఇప్పుడు మన ఐటీ కుటుంబాలు చాలానే ఉన్నాయి.

పాత క్యాపిటల్‌లోనే 1858 జూన్ 16న బానిసత్వం గురించి "చీలిన ఇల్లు నిలవదు" ప్రసంగం చేశాడు. 1865 మేలో ఆయన శవపేటిక ఉంచిందీ అదే సభామందిరంలో. ఈ భవనాన్ని 1960లలో రాయి రాయి విప్పి, మళ్ళీ పేర్చారు. గంట చాలు.

2005లో తెరిచిన మ్యూజియం గురించి నా మాట: పిల్లలుంటే తప్పక వెళ్ళండి. దయ్యాల్లా కనబడి మాయమయ్యే బొమ్మల షో వాళ్ళకి పండగే. పెద్దవాళ్ళకి చీకటి, చప్పుడు, నిలువెత్తు బొమ్మలు. మన స్కూలు గోడల మీద వేలాడే 'కొడుకు టీచరుకి లింకన్ లేఖ' కోసం వెతక్కండి, ఆయన రాశాడనడానికి ఆధారం లేదు.

తిండికి ఈ ఊరి ప్రత్యేకం హార్స్‌షూ. కాల్చిన బ్రెడ్డు, మాంసం, పైన గుట్టగా ఫ్రెంచ్ ఫ్రైస్, వాటి మీద చీజ్ సాస్. శాకాహారం కావాలంటే మాంసం తీసేయమని అడగండి. సగం సైజుని పోనీషూ అంటారు, అదే ఇద్దరికి సరిపోతుంది.

ఓక్ రిడ్జ్ శ్మశానంలో ఆయన సమాధి ఉచితం. బయటున్న ఆయన కంచు తల ముక్కు జనం రుద్దీ రుద్దీ బంగారంలా మెరుస్తుంటుంది. 1876లో దొంగలు శవాన్ని ఎత్తుకెళ్ళబోయారు. అందుకే 1901లో పదడుగుల లోతున కాంక్రీటులో పూడ్చారు.

మాకు కుదరనిది బియర్డ్‌స్టౌన్ అనే ఊరు. 1858లో వెన్నెల్లో హత్య చూశానన్న సాక్షి ముందు పంచాంగం తెరిచి, ఆ వేళకి చంద్రుడు ఎంత కిందికి దిగాడో చూపించి, పాత స్నేహితుడి కొడుకుని ఫీజు లేకుండా విడిపించిన కోర్టు గది అక్కడే ఉంది. మీ వెంట వకీలుంటే మ్యూజియం మానేసి ఆ పూట అటు వెళ్ళండి.