కొర్ర–మినుము, సజ్జ–అలసంద, గోధుమ: కడుపు నింపే మందపాటి రొట్టెకు ఏది మేలు?

రెండు ముక్కలు తింటే పూట గడిచిపోయే రొట్టె ఇంట్లో ఒకటి ఉంటే చాలా పనులు తేలికవుతాయి. పొలానికి వెళ్లేవాళ్లకు మూట కట్టివ్వొచ్చు. బడి నుంచి వచ్చిన పిల్లల చేతిలో పెట్టొచ్చు. రాత్రి అన్నం మానేసిన షుగరు మనిషికి వేడిగా వడ్డించొచ్చు. నేను చెప్పేది పలచటి జొన్నరొట్టె గురించి కాదు. తవుడు పోని ధాన్యానికి పప్పు దినుసు తోడుచేసి, గుడ్డూ మాంసం లేకుండా, కత్తితో ముక్కలు కోసుకునేంత మందంగా చేసే రొట్టె గురించి.

దీనికి మూడు దారులున్నాయి. కొర్రలు, మినుములు రుబ్బి పులియబెట్టి బాణలిలో కాల్చడం ఒకటి. ఉడికించిన సజ్జలు, అలసందలు కలిపి దిమ్మలా కట్టి ఆవిరి మీదో ఓవెన్‌లోనో పెట్టడం రెండోది. ముడి గోధుమపిండిలో ఈస్టు వేసి బ్రెడ్డులా పొంగించడం మూడోది. నా మాట ముందే చెప్పేస్తాను: నెల్లూరు, ప్రకాశం వైపు ఇళ్లకు, మన ఎండలకు, మన పొయ్యిలకు రోజువారీగా పనికొచ్చేది కొర్ర–మినుము రొట్టే. నలుగురు వచ్చిన రోజు సజ్జ దిమ్మ చేస్తాను. గోధుమది మూడో స్థానం, అయినా దానికీ ఒక చోటుంది.

ముందు ధాన్యం సంగతి. కోవూరు, బుచ్చిరెడ్డిపాళెం వైపు పెన్నా నీళ్ల కింద వరి పండించినవాళ్లకు మొలగొలుకుల అన్నమే అన్నం. కనిగిరి, పామూరు, ఉదయగిరి మెట్టల కథ వేరు. అక్కడ సజ్జ సంకటి, కొర్రన్నం, వరిగన్నం తిని పెరిగిన అవ్వలు ఇంకా ఉన్నారు. వాళ్లకు ఈ గింజలు కొత్త కాదు. ఐక్యరాజ్యసమితి 2023ని చిరుధాన్యాల సంవత్సరంగా ప్రకటించాక పట్నం దుకాణాల్లోనూ కొర్రలు, సామలు, అరికెలు ప్యాకెట్లలో కనిపిస్తున్నాయి. కాకపోతే ఆ ప్యాకెట్టును ఒకసారి వెలుతురులో పెట్టి చూడాలి. గింజ మరీ తెల్లగా, నున్నగా మెరుస్తుంటే పాలిష్ పట్టారని అర్థం. కొర్రలకు పైన ఉండే గట్టి పొట్టు తీయక తప్పదు, అది తినేది కాదు. దాని కింది తవుడు పొరే మనకు కావాల్సింది. అది ఉన్న గింజ లేత పసుపుగా, కాస్త మసకగా ఉంటుంది. తవుడు పోయిన కొర్రలతో ఎంత కష్టపడి రొట్టె చేసినా తెల్లన్నం తిన్నదానికీ దీనికీ పెద్ద తేడా ఉండదు.

ఇప్పుడు అసలు చిక్కు. గోధుమలో గ్లూటెన్ అనే మాంసకృత్తు ఉంది. నీళ్లు పోసి పిసికితే సాగుతుంది, గాలిని పట్టి ఉంచుతుంది, అందుకే బ్రెడ్డు పొంగుతుంది. కొర్ర, సజ్జ, జొన్న, రాగి దేంట్లోనూ గ్లూటెన్ లేదు. జొన్నపిండిలో ఎంత ఈస్టు వేసినా పుట్టిన గాలి అంతా పైకి పోతుంది, ముక్క కోస్తే పొడిపొడిగా రాలుతుంది. ఈ లోటు తీర్చగల దినుసు మన వంటింట్లోనే ఉంది, అది మినుము. మినుముల్లోని జిగురు, మాంసకృత్తులు కలిసి రుబ్బులో గాలి బుడగలను పట్టుకుంటాయి. రాత్రంతా పులిసే పిండిలో బాక్టీరియా గాలి పుట్టిస్తుంది, మినుము దాన్ని వదలదు. ఇడ్లీ పొంగేది ఇందుకే. ఓవెనూ ఈస్టూ లేకుండా మందపాటి రొట్టె చేయగలగడం వెనక ఉన్నదీ ఇదే.

కొలత చెప్తాను. పొట్టుతో ఉన్న మినుములు ఒక గ్లాసు, కొర్రలు రెండున్నర గ్లాసులు, మెంతులు ఒక చెంచా. మినుములు, మెంతులు కలిపి ఆరు గంటలు నానాలి. కొర్రలు విడిగా నాలుగు గంటలు నానితే చాలు. పొట్టు మినుములే ఎందుకంటే, పొట్టులో పీచు ఉంది, పిండిని పులియబెట్టే సూక్ష్మజీవులూ ఆ పొట్టుమీదే ఎక్కువ. రొట్టె రంగు కాస్త బూడిదగా వస్తుంది, రుచి మాత్రం గాఢంగా ఉంటుంది. మినుములను చల్లటి నీళ్లతో మెత్తగా, గుల్లగా రుబ్బాలి. చిన్న ముద్ద నీళ్లలో వేస్తే తేలాలి. కొర్రలను మాత్రం మెత్తగా చేయకండి. చేతికి రవ్వ తగలాలి. రవ్వగా ఉన్నది నెమ్మదిగా అరుగుతుంది, పంటి కింద గింజ రుచీ తెలుస్తుంది. షుగరు ఉన్నవాళ్లకు ఇది మరీ ముఖ్యం. చిరుధాన్యమే అయినా మైదాలా మెత్తగా ఆడిస్తే రక్తంలో చక్కెర తొందరగా పెరుగుతుంది.

పులియడం దగ్గర మన వాతావరణం మనకు కలిసొస్తుంది. ఒంగోలు ఎండాకాలంలో ఐదారు గంటలకే పిండి గిన్నె అంచు దాటుతుంది. రాత్రి పదికి కలిపితే తెల్లారేసరికి పుల్లబడిపోతుంది, అందుకని వేసవిలో తెల్లవారుజామున కలుపుకోవడమో, పొంగగానే ఫ్రిజ్‌లో పెట్టడమో చేయాలి. సంక్రాంతి చలిలో పది పన్నెండు గంటలు పడుతుంది.

కాల్చడంలో తొందర పనికిరాదు. అడుగు మందంగా ఉన్న బాణలిలో నాలుగు చెంచాల నువ్వుల నూనె వేసి, వేడెక్కాక రెండంగుళాల మందం పిండి పోసి, మూత పెట్టి, మంట సన్నం చేసేయాలి. మొదట నూనె చిటపటమంటూ గట్టిగా వినిపిస్తుంది. పావుగంట దాటేసరికి ఆ చప్పుడు సన్నగిల్లుతుంది, అంచులు బాణలిని వదిలి లోపలికి జరుగుతాయి, పైన తడి ఆరిపోయి చిన్న చిన్న గుంటలు పడతాయి. అప్పుడు తిరగేసి ఇంకో ఏడెనిమిది నిమిషాలు. అడుగు ముదురు గోధుమ రంగులో గట్టి పెచ్చు కట్టి, లోపల స్పాంజిలా ఉంటుంది. వెనకటికి కట్టెల పొయ్యి మీద చేసేటప్పుడు మూత మీద కూడా నిప్పులు పేర్చేవాళ్లు, పైనా కిందా ఒకేసారి కాలేది. అదే వాళ్ల ఓవెన్.

మా పక్కింటామె మొన్న అడిగింది: "వదినా, పిండి బాగానే పొంగింది, పైనంతా ఎర్రగా కాలింది, మధ్యలో మాత్రం పచ్చిగా ఉందే?" మంట ఎక్కువైతే అంతే. పిండి పలచనైనా అంతే. ఇడ్లీ పిండి కన్నా ఒక పిసరు గట్టిగా ఉండాలి, పుల్లతో గుచ్చితే తడి అంటకుండా రావాలి.

దీనికి తోడు ఏమిటన్నది నెల్లూరు వాళ్లకు చెప్పక్కర్లేదు. కారం దోశకు పూసే ఎర్రకారం ఈ రొట్టె ముక్క మీద పూసి చూడండి. పుల్లటి రొట్టె, వెల్లుల్లి కారం, పైన ఒక చుక్క నెయ్యి. అల్లం పచ్చడైనా బాగుంటుంది. గోంగూర వద్దు, పులుపు మీద పులుపు అవుతుంది.

పోషకాల లెక్కలోనూ ఈ జోడీ బలమైనది. మాంసకృత్తులు అమైనో ఆమ్లాలనే చిన్న భాగాలతో తయారవుతాయి. వాటిలో లైసిన్ అనేది ధాన్యాల్లో తక్కువ, మినుముల్లో పుష్కలం. మినుముల్లో తక్కువయ్యే మిథియోనిన్ అనే ఇంకో భాగం కొర్రల్లో దొరుకుతుంది. రెండూ ఒకే ముక్కలో ఉన్నప్పుడు మాంసకృత్తు పూర్తి విలువతో వంటికి పడుతుంది. పాలు పడని పిల్లలుంటే కొర్రల్లో పావు వంతు తీసేసి రాగులు కలపండి. 100 గ్రాముల రాగుల్లో 350 మిల్లీగ్రాముల దాకా కాల్షియం ఉంటుంది. పావుకు మించితే మాత్రం రొట్టె బరువెక్కి పంటికి అంటుకుంటుంది. అచ్చంగా రాగులతో మందపాటి రొట్టె నేను ఎవరికీ చెప్పను.

ఇక సజ్జ దిమ్మ. ఇందులో పొంగే పనే లేదు, అందుకే గ్లూటెన్ లేని బాధా లేదు. ఒక గ్లాసు సజ్జలు రాత్రంతా నానబెట్టి కుక్కర్లో ఐదారు కూతలు రానిచ్చి, సన్నటి మంట మీద ఇంకో పావుగంట ఉంచాలి. గింజ పగలాలి గానీ జావ కాకూడదు. ముప్పావు గ్లాసు అలసందలు నానబెట్టి ఉడికించి, సగం చేత్తో మెదపాలి. ఈ మెదిపిన సగమే దిమ్మను పట్టి ఉంచేది. సన్నగా తరిగి ఎర్రగా వేయించిన ఉల్లిపాయలు రెండు, వెల్లుల్లి, మునగాకు గుప్పెడు, వేయించి బరగ్గా దంచిన వేరుశనగ గుళ్లు అర గ్లాసు, నువ్వులు రెండు చెంచాలు, ఉప్పు, కారం. చివర్లో మూడు నాలుగు చెంచాల శనగపిండి. లేదంటే రెండు చెంచాల అవిసె గింజల పొడిని ఆరు చెంచాల నీళ్లలో పది నిమిషాలు నాననిస్తే గుడ్డులోని తెల్లసొనలా జిగురు కడుతుంది, అదైనా సరే. అన్నీ కలిపి నూనె రాసిన గిన్నెలో వేళ్లతో గట్టిగా అదిమి, ఓవెన్‌లో 180 డిగ్రీల దగ్గర 45 నిమిషాలు పెట్టాలి. ఓవెన్ లేకపోతే ఇడ్లీ పాత్రలో 40 నిమిషాలు ఆవిరి పట్టించి, తర్వాత ముక్కలు పెనం మీద కాల్చుకోవాలి. నాకు రెండో పద్ధతే ఎక్కువ ఇష్టం, పెచ్చు రెండు వైపులా వస్తుంది.

దీన్ని వేడిమీద కోస్తే పాడవుతుంది. ఇరవై నిమిషాలన్నా ఆగాలి. చల్లారేకొద్దీ ఉడికిన గింజలోని పిండి గట్టిపడి ముక్క నిలబడుతుంది. ఫ్రిజ్‌లో ఉంచి మర్నాడు కోస్తే ఇంకా శుభ్రంగా తెగుతుంది. పప్పుపులుసుతో గానీ, చింతకాయ పచ్చడి, పెరుగుతో గానీ తింటే, మాంసం లేని విందు భోజనంలో ఇది మధ్యలో పెట్టదగ్గ వంటకం. బరువుగా, తృప్తిగా ఉంటుంది. ఈ ఒక్క విషయంలో కొర్ర రొట్టె దీనికి సాటిరాదు.

మరి రోజూ ఎందుకు వద్దంటున్నాను? పని ఎక్కువ, ఒకటి. గిన్నెలు ఎక్కువ, రెండు. అన్నింటికన్నా ముఖ్యం, థైరాయిడ్ పనిని కొంతవరకు అడ్డుకునే పదార్థాలు సజ్జల్లో ఉన్నాయి. వారానికి ఒకటి రెండుసార్లు తింటే భయపడాల్సింది లేదు. థైరాయిడ్‌కు మందు వాడుతున్నవాళ్లు మాత్రం సజ్జలను రోజువారీ తిండి చేసుకునే ముందు డాక్టరును అడగాలి. ఇంకో మాట: సజ్జపిండి ఆడించి డబ్బాలో నిల్వ పెట్టకండి. సజ్జలో కొవ్వు ఎక్కువ కాబట్టి, పిండి పట్టిన కొన్నాళ్లకే చేదెక్కుతుంది. గింజగా ఉన్నంతకాలం ఈ సమస్య లేదు. నేను దిమ్మకు పిండి కాకుండా గింజనే ఉడికించమనడానికి అదీ ఒక కారణం.

గోధుమ రొట్టెకు వస్తే, అర కిలో ముడి గోధుమపిండి, 6 గ్రాముల ఈస్టు, 9 గ్రాముల ఉప్పు, సుమారు 375 మిల్లీలీటర్ల నీళ్లు. పిండి చేతికి అంటుకునేంత మెత్తగా ఉండాలి. చపాతీ ముద్దలా కలిపితే ఇటుకే వస్తుంది. తవుడు కూడా నీళ్లు పీలుస్తుంది కాబట్టి కలిపాక అరగంట వదిలేసి అప్పుడు పిసకాలి. 200 డిగ్రీల దగ్గర 35 నుంచి 40 నిమిషాలు. అడుగు మీద వేలితో కొడితే డొల్ల చప్పుడు రావాలి. మన వేసవి వంటింట్లో ఈస్టు అదుపు తప్పి ముక్కాల్గంటకే పొంగిపోతుంది, రుచి చేరే వ్యవధి ఉండదు. ఫ్రిజ్ నీళ్లతో కలిపి, ఈస్టు సగానికి తగ్గించుకోవాలి. పైగా ఓవెన్ తప్పనిసరి, మధ్యలో కరెంటు పోతే అంతా వృథా.

ఇన్ని చెప్పినా ప్రయాణానికి గోధుమ రొట్టే నయం. కొర్ర రొట్టె మర్నాటికి గట్టిపడుతుంది, ఆవిరి మీద పెట్టాలి. సజ్జ దిమ్మలో తడి ఎక్కువ, ఎండల్లో బయట ఉంచితే ఆ సాయంత్రానికే పాడవుతుంది. గోధుమది గుడ్డలో చుట్టి రెండు రోజులు పట్టుకెళ్లొచ్చు. గోధుమ పడనివాళ్లకు, గ్లూటెన్ జబ్బు ఉన్నవాళ్లకు మాత్రం ఆ దారి మూసుకుపోయినట్టే, మిగతా రెండింట్లో ఏదైనా సరే. బజారులో బ్రౌన్ బ్రెడ్ కొనడం మేలు కాదా అనేవాళ్లు ప్యాకెట్టు వెనక చదవండి. ఎక్కువ ఉన్న దినుసు పేరే ముందు రాస్తారు. అక్కడ మైదా ముందుంటే, రంగు ఎలా ఉన్నా అది మైదా రొట్టే.

ఈ రొట్టెల కోసమే ఓవెన్ కొనాలా అని ఆలోచిస్తుంటే, వద్దు. ఆ డబ్బులో కొంతతో బరువైన ఇనప బాణలి ఒకటి తీసుకోండి, దానికి అంచుల దాకా సరిపోయే మూత చూసుకోండి. పులిసిన పిండిని అందులో నిల్వ ఉంచకండి, కాల్చేటప్పుడే పోయండి. రొట్టె అవగానే పళ్లెంలోకి తీసేయండి, బాణలిలోనే ఉంచితే ఆవిరికి అడుగు పెచ్చు మెత్తబడుతుంది.