వైజాగ్‌లో నాగమణి అని చెప్పి రాళ్ళు అమ్ముతున్నారు, దయచేసి కొనకండి

వైజాగ్‌లో ఉన్నవాళ్ళు, అందులోనూ ఇంట్లో పెద్దవాళ్ళని ఒంటరిగా వదిలి పనికి వెళ్ళేవాళ్ళు ఇది తప్పకుండా చదవండి. చీకట్లో ఆకుపచ్చగా వెలిగే రాయి చూపించి, ఇది గిరినాగు (కింగ్ కోబ్రా) తలలోంచి వచ్చిన నాగమణి అని అమ్ముతున్నారు. ఎంవీపీ కాలనీలో ఉండే మా పిన్ని దగ్గర పాతిక వేలు తీసుకుపోయారు.

ఇద్దరు ఇంటికే వచ్చారు, చాలా మర్యాదగా మాట్లాడారట. మాడుగుల కొండల్లో గిరిజనులకి దొరికింది, పాపం వాళ్ళకి దీని విలువ తెలీదు, ఇంట్లో పెట్టుకుంటే మీ ఆయన లేచి తిరుగుతారు అన్నారు. బాబాయ్ మంచం మీద ఉన్న సంగతి వాళ్ళకి ముందే తెలుసు, అంటే చుట్టుపక్కల ఎవరినో అడిగి అన్నీ కనుక్కునే వచ్చారన్నమాట. నాకు ఒళ్ళు మండేది అక్కడే. కొండల మీద ఎవరి మానాన వాళ్ళు బతుకుతున్న గిరిజనుల పేరు మోసానికి వాడుకోవడం ఇంకో ఘోరం.

వాళ్ళు చేసేది ఏంటంటే, హాల్లో ట్యూబ్‌లైటు కింద ఆ రాయిని అరచేతిలో పెట్టుకుని కాసేపు కబుర్లు చెప్తారు. తర్వాత తలుపులు, కర్టెన్లు వేయించి లైటు ఆర్పమంటారు. రాయి వెలుగుతుంది, గ్లాసుడు పాలలో వేస్తే పాలన్నీ వెలుగుతాయి. చూసినవాళ్ళకి నోట మాట రాదు. కానీ ఇందులో పాముకి సంబంధించింది ఏమీ లేదండీ. పిల్లల గదిలో సీలింగుకి అంటించే నక్షత్రాలు ఉంటాయి కదా, మనం రేడియం స్టిక్కర్లు అంటాం, వాటిలో వాడే పొడే ఇదీను. పేరుకే రేడియం, అసలు ఉండేది స్ట్రాన్షియం అల్యూమినేట్, దానికి యూరోపియం, డిస్ప్రోసియం అనేవి చాలా కొద్దిగా కలుపుతారు. వెలుతురు పడినప్పుడు ఆ శక్తిని దాచుకుని, చీకట్లో మెల్లమెల్లగా వదులుతుంది. ఆ పొడిని గాజులోనో రెజిన్‌లోనో కలిపి గుండ్రంగా పోత పోస్తే వీళ్ళ మణి తయారు. అక్వేరియంలో, పూలకుండీల్లో వేసుకోవడానికి ఇలాంటి గులకరాళ్ళు ప్యాకెట్ల లెక్కన దొరుకుతాయి.

అనుమానం ఉంటే ఒక పని చేయండి. స్టీలు డబ్బాలో పెట్టి మూత బిగించి, రెండు మూడు రోజులు బీరువాలో ఉంచి, రాత్రి లైట్లన్నీ ఆర్పేశాక తీసి చూడండి, వెలగదు. ఆ తర్వాత ఫోన్ టార్చిని ఒక మూలకే ఆనించి కాసేపు పట్టుకుని తీసేయండి, వెలుతురు తగిలిన ఆ మూలే ఎక్కువగా వెలుగుతుంది. కొనకముందే ఈ పరీక్ష చేస్తామంటే వాళ్ళు ఒప్పుకోరు. మణిని డబ్బాలో బంధిస్తే శాపం తగులుతుందని పిన్నిని భయపెట్టారు.

నాగమణి కథలంటే నాకు చిన్నప్పటి నుంచీ ప్రాణం, అందుకే బాధ ఎక్కువగా ఉంది. అమ్మమ్మ చెప్పే కథలో పాము అర్ధరాత్రి మణిని నేల మీద పెట్టి ఆ వెలుగులో మేతకి వెళ్ళేది, చెట్టెక్కి కూర్చున్న రాజకుమారుడు దాని మీద పేడముద్ద వేసేవాడు, వెలుగు పోయేసరికి పాము తల బాదుకుని చచ్చిపోయేది, మణి పట్టుకుని కొలనులో దిగితే నీళ్ళు పక్కకి జరిగి అడుగున మేడ కనబడేది. ఆ లోకంలో మణికి ఒక పద్ధతి ఉంది. ప్రాణానికి తెగిస్తే గానీ దొరకదు, దొరికాక కూడా మంచివాడి చేతిలో ఒకలా, దుర్మార్గుడి చేతిలో ఇంకోలా పనిచేస్తుంది. అంత అందమైన ఊహని తీసుకొచ్చి జబ్బు మనిషి ఇంట్లో బేరం పెట్టారు.

శాస్త్రాల్లో ఉంది కదా అంటారు. ఉన్న మాట నిజమే, 6వ శతాబ్దంలో వరాహమిహిరుడు బృహత్సంహితలో ముత్యాలు ఎక్కడెక్కడ పుడతాయో చెబుతూ పాముని కూడా చేర్చాడు. అదే వరసలో ఏనుగు, పంది, వెదురు, మేఘం కూడా ఉన్నాయి. ఇది మేఘంలోంచి రాలిన ముత్యం అని ఎవరైనా తలుపు కొడితే కొంటామా?

ఫోన్‌లో వీడియో కూడా చూపిస్తారు, పడగ మీద కోసి రాయి తీస్తున్నట్టు. ముందుగానే చర్మానికి గాటు పెట్టి లోపల పూస దూర్చి, కెమెరా ముందు బయటికి తీస్తారు, అంతే. నాగుపాముకీ గిరినాగుకీ 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద రక్షణ ఉంది. గిరినాగు మన తూర్పు కనుమల్లో ఉండటం మన అదృష్టం, అది తినేది ఎక్కువగా వేరే పాముల్నే. మణి ఉందని నమ్మి ఎవరైనా దాన్ని కొట్టి చంపుతారేమోనని నాకు నిజంగా భయంగా ఉంది.

అంతకంటే పెద్ద భయం ఇంకోటి. పాము కరిస్తే ఈ రాయి గాయం మీద పెట్టండి, విషం లాగేస్తుంది అని కూడా చెప్పారు. ఏ రాయీ విషం లాగదు. కరిచిన కాలు కదపకుండా వెంటనే కేజీహెచ్‌కో దగ్గర్లోని పెద్దాసుపత్రికో తీసుకెళ్ళాలి, యాంటీ వీనం తప్ప వేరే మందు లేదు. రాయిని నమ్ముకుని ఒక గంట ఆగినా మనిషి దక్కకపోవచ్చు.

రాయి అమ్మేసి ఊరుకోరు కూడా. కొన్నాళ్ళకి ఫోన్ చేసి, విదేశీ కంపెనీ ఈ మణిని కోట్లు పెట్టి కొంటుంది, ముందు ల్యాబ్ పరీక్షకి ఫీజు కట్టండి అన్నారు. పిన్ని అప్పుడు నాకు చెప్పింది కాబట్టి అక్కడితో ఆగింది. రైస్ పుల్లింగ్ చెంబు, అంటే బియ్యాన్ని తనవైపు లాగే మహిమ ఉందని చెప్పే చెంబు పేరుతో చేసే మోసం కూడా అచ్చం ఇలాగే నడుస్తుంది, బియ్యానికి ఇనుప పొడి పట్టించి, చెంబులో అయస్కాంతం దాచి, చివరికి టెస్టింగ్ ఖర్చులంటూ లక్షలు గుంజుతారు.

మీ ఇంట్లో ఎవరైనా ఇప్పటికే కొని ఉంటే ముందు వాళ్ళని తిట్టకండి, తిడితే ఆ తర్వాత వచ్చే ఫీజు ఫోన్ సంగతి మీకు చెప్పరు. ఫోన్‌పేలోనో గూగుల్ పేలోనో డబ్బు పంపి ఉంటే ఆలస్యం చేయకుండా సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేసి లావాదేవీ నంబరు చెప్పండి, నగదు ఇచ్చి ఉంటే దగ్గర్లోని పోలీస్ స్టేషన్‌లో ఫిర్యాదు ఇవ్వండి. అపార్ట్‌మెంటు సీసీ కెమెరా రికార్డింగ్ చెరిగిపోకముందే కాపీ తీసిపెట్టుకోండి. రాయి తెచ్చిస్తే డబ్బు వాపసు ఇస్తాం, ఫలానా చోటికి రండి అని పిలిస్తే వెళ్ళకండి, మీ చేతిలో ఉన్న సాక్ష్యం ఆ రాయే.