చెట్ల నీడకు ఏ తుంగ మేలు?

తుంగ అనగానే ఎవరికైనా ముందు తడి నేలే గుర్తొస్తుంది. అయితే ఉత్తర అమెరికా తూర్పు భాగంలోని ఆకురాల్చే అడవుల్లో చెట్ల కిందే బతికే తుంగలూ ఉన్నాయి. దాదాపు అన్నీ కేరెక్స్ ప్రజాతివి, ఏళ్ల తరబడి నిలిచే మొక్కలు. నీడ తోటకు వాటిలోంచి ఒకటి ఎంచుకోవాలంటే పోటీ ముఖ్యంగా రెండింటి మధ్యే.

కేరెక్స్ పెన్సిల్వానికా పొడి నేల మొక్క. ఓక్ చెట్ల కింద, ఇసుక పాలున్న నేలల్లో బాగా కనిపిస్తుంది. ఆకు 2-3 మిల్లీమీటర్లకు మించని సన్నం, ఎత్తు జానెడు. భూగర్భ కాండాలతో మెల్లగా పాకి నేలంతా అల్లుకుంటుంది. ఎప్పుడన్నా కాలు పెట్టినా తట్టుకుంటుంది గానీ రోజూ నడిచే దారికి పనికిరాదు. విత్తనాలు సరిగా మొలవవు కాబట్టి దుబ్బులు చీల్చి నాటడమే నయం.

దీని పచ్చదనాన్ని చూసి అడవి ఆరోగ్యంగా ఉందనుకోలేం. అమెరికా, కెనడా సరిహద్దులోని గ్రేట్ లేక్స్ సరస్సుల ప్రాంతంలో జింకలు చెట్ల లేత మొక్కల్ని మేసేస్తాయి, ఈ తుంగను అంతగా ముట్టవు. బయటి నుంచి వచ్చిన వానపాములు రాలిన ఆకుల పొరను తినేస్తాయి. ఖాళీ అయిన నేలను ఇది చాపలా కప్పేస్తే కొత్త చెట్లు లేవడం కష్టం. తోటలో మాత్రం మనకు కావలసింది సరిగ్గా ఆ గుణమే!

కేరెక్స్ ప్లాంటాజీనియా దారి వేరు. సారవంతమైన, చెమ్మ ఆరని అడవి వాలుల్లో పెరుగుతుంది. రెండు సెంటీమీటర్లు దాటే వెడల్పాటి ఆకు, దాని మీద పొడుగునా ముడతలు, ఆకు మొదలు దగ్గర ఊదా ఎరుపు. చలికాలంలోనూ పచ్చగా ఉంటుంది. అందం మాటకొస్తే ఇదే గెలుస్తుంది. కానీ పాకదు, ఉన్నచోటే దుబ్బు కడుతుంది. నేలంతా కప్పాలంటే మొక్కలు ఎక్కువ కొనాలి.

నా ఓటు పెన్సిల్వానికాకే. పెద్ద చెట్ల వేళ్లు నీళ్లన్నీ లాగేసే చోట ప్లాంటాజీనియాను పెట్టి రోజూ నీళ్లు పోస్తూ కూర్చోవడం దండగ. వానలు ఆగిన కొన్నాళ్లకు చెట్టు కింద మట్టిని పిడికిట పట్టి చూడండి. అప్పటికీ చల్లగా ముద్ద కడితేనే ప్లాంటాజీనియా నాటండి. రెండూ కావాలంటే మధ్యలో కాస్త ఎడం ఉంచండి, లేకపోతే పాకే తుంగ దుబ్బుల్లోకి చొరబడుతుంది.